ఊదా తెర ముందు ముసలి రాజు

నాటకాల తెరల మీద బొమ్మలు వేయడం నా బతుకుతెరువు. నెల జీతం, పింఛను ఇచ్చే ఉద్యోగం కాదు కాబట్టి రిటైరయ్యానని చెప్పుకుంటే మా ఇంట్లోవాళ్లే నవ్వుతారు. అయినా మోకాళ్లు మొరాయించి, నేల మీద పరిచిన గుడ్డ చుట్టూ కుంచె పట్టుకుని ఇక పాకలేనని తేలిన రోజున నేను రిటైరయ్యాను. ఎవరూ శాలువా కప్పలేదు. కప్పినా దాని రంగు నాకు నచ్చేది కాదేమో.

బొమ్మలు నేర్చుకునే పిల్లలు అప్పుడప్పుడు నా దగ్గరికి వస్తుంటారు. ఫోను మీద వేలితో ఒక్కటి కొట్టి ఎర్ర చీరను నీలం చేసేస్తారు. చేసి, "ఏ రంగు పక్కన ఏ రంగు పెట్టాలో లిస్టు ఏమైనా ఉందా ఆంటీ" అని అడుగుతారు. లిస్టు లేదు నాయనా. ఒక ముసలి రాజు సంగతి ఉంది, ఓపికుంటే వినండి. 

అది రెండువేల పదకొండు ప్రాంతం. అశోక్‌నగర్‌లో ఒక మేడ మీది రేకుల గది, దాని ముందున్న డాబా కిరాయికి తీసుకుని పనిచేసేదాన్ని. ముతక నూలు గుడ్డను డాబా నిండా పరిచి, అంచులు లేవకుండా ఇటుకలు పెట్టి, బకెట్లలో రంగులు కలుపుకునేదాన్ని. చుట్టూ హాస్టళ్లే. పక్క డాబాల మీద గవర్నమెంటు పరీక్షలకు చదివే పిల్లలు పుస్తకం పట్టుకుని అటూ ఇటూ తిరుగుతూ రాజ్యాంగం వల్లె వేసేవారు. వాళ్ల పుణ్యమా అని పౌరుల హక్కులన్నీ నాకూ నోటికొచ్చాయి. వాడుకునే అవకాశమే రాలేదు.

ఈ పని నాకు మా నాన్న నుంచి వచ్చింది. ఆయన నేర్పిన మొదటి సంగతి, ఏ రంగుకూ సొంత ముఖం ఉండదని. ఆరు నెలలు సావాసం చేస్తే వారు వీరవుతారని లోకంలో సామెత. రంగుల్లో అది తలకిందులు. పక్కపక్కన పెట్టిన కొద్దీ ఒకదాన్నొకటి అవతలికి తోసేసుకుంటాయి. బూడిద రంగును ఎరుపు పక్కన పెట్టండి, ఆకుపచ్చ ఛాయ తిరుగుతుంది. అదే బూడిదను నారింజ పక్కన పెట్టండి, నీలం అయి కూర్చుంటుంది. ఒకసారి పొద్దుగూకే ఆకాశం కింద చెరువు వేశాను, నీలం చుక్క కూడా కలపకుండా. మా నాటక సమాజం కార్యదర్శి వచ్చి చూసి, చెరువులో నీలం ఎక్కువైంది, తగ్గించమన్నాడు. ఆయన బ్యాంకు ఉద్యోగి, కోస్తా నుంచి వచ్చి చిక్కడపల్లిలో స్థిరపడ్డ పెద్దమనిషి, నాటకమంటే ప్రాణం పెట్టేవాడు. లేని నీలాన్ని ఎలా తగ్గించను? ఆకాశంలో నారింజ తగ్గించాను. ఇప్పుడు సరిగ్గా ఉందని ఆయన సంతోషపడ్డాడు.

అనుమానమొస్తే తెల్ల గుడ్డ పక్కన పెట్టి చూసుకోమని కూడా నాన్న చెప్పేవాడు. అందుకే పనిలో ఉన్నంతసేపూ నా భుజం మీద ఒక తెల్ల తువ్వాలు ఉండేది. అది తెల్లగా ఉంచుకోవడం మాత్రం బ్రహ్మప్రళయం.

మా సమాజంలో ఒక ఆనవాయితీ ఉండేది. ఆట ఆడే ముందు హాలులో తెర కట్టి, ముఖ్యమైన వేషాలవాళ్లను బట్టలతో దాని ముందు నిలబెట్టేవాళ్లం. మేకప్ ఉండదు. నేను ఆఖరి వరసలో కూర్చుని చూసేదాన్ని. తెరకూ మనిషికీ పొత్తు కుదిరిందా లేదా తేల్చాలి. జతచూపు అని దానికి నాన్న పెట్టిన పేరు. వెనకాల అందరూ పెళ్లిచూపులని వెక్కిరించేవారు. నాకు ముక్కు మీద కోపం కాబట్టి నా ఎదురుగా అనేవారు కాదు.

ఇక రాజు దగ్గరికి వస్తాను. మా సమాజంలో పెద్ద నటుడు ఒకాయన ఉండేవాడు. చిన్నప్పుడు పాలమూరు నుంచి కూలికి వచ్చిన తల్లిదండ్రుల వెంట వచ్చి, కవాడిగూడ బస్తీలో పెరిగి, చదువుకుని, ఒక ఆఫీసులో గుమాస్తాగా చేసి దిగిపోయాడు. ఆయన్ను నేను అన్నా అనేదాన్ని, నన్నాయన చెల్లె అనేవాడు. తెర వేస్తుంటే డాబా మీదికి వచ్చి, తడి రంగు తొక్కకుండా ఒక మూలన కూర్చుని, గదేంది గిదేంది అని అడిగే నటుడు ఆయనొక్కడే. మిగతావాళ్లకు తెర అంటే వీపు వెనకాల వేలాడే గుడ్డ. అడిగినవాడికి చెప్పకుండా ఉండగలనా? నాకు తెలిసిందంతా చెప్పాను. ఏ రంగు ముందు ముఖం ఎర్రబడుతుంది, ఏ రంగు ముందు వెలవెలబోతుంది, అన్నీ.

ఆ ఏడు ఎత్తుకున్న నాటకంలో కథానాయకుడు యుద్ధంలో ఓడిపోయిన ముసలి రాజు. చివరి ఘట్టంలో పొద్దుగూకే వేళ కోట తాళాలు శత్రువుకు అప్పగిస్తాడు. ఆ వేషం వేయాలని అన్నకు ఎన్నాళ్ల నుంచో కోరిక. అయితే వయసు మీద పడింది, ఈ మధ్య నీరసంగా కనబడుతున్నాడు, అంత పొడుగు మాటలు మోయగలడా అని కార్యదర్శికి బెంగ. ఎందుకైనా మంచిదని ఒక లెక్చరరు చేత కూడా అదే వేషం వల్లె వేయిస్తున్నాడు. అన్నకు అది తెలుసు. తెలిసీ తెలియనట్టు ఉండేవాడు గానీ, లెక్చరరు గదిలోకి అడుగు పెడితే చాలు, వెన్ను నిటారుగా చేసేవాడు.

చివరి ఘట్టం ఆకాశానికి నేను కాషాయం అనుకున్నాను. అన్న పనిగట్టుకుని డాబా మీదికి వచ్చి, ఊదా అయితే మస్తుగుంటుందన్నాడు. ఊదా ముందు నిలబడితే ముఖం పసుపు కొడుతుందని నేనే గుర్తుచేశాను. ఓడిన రాజు ముఖం పాలిపోకపోతే కళకళలాడుతుందా అని ఎదురడిగాడు. ఆహా, వేషం గురించి ఎంత లోతుగా ఆలోచించాడు, నటుడంటే ఇలా ఉండాలి అని మా ఇంట్లో కూడా చెప్పి మురిసిపోయాను. నా తెలివి తెల్లారినట్టే ఉంది.

రిహార్సల్స్ చిక్కడపల్లిలో ఒక పాత ఇంటి పైగదిలో జరిగేవి. అక్కడ పాతకాలపు పసుపు బల్బులు. పసుపు వెలుగులో పసుపు కనబడదు, ఇది గుర్తుపెట్టుకోండి. పగలు బయటికొస్తే అన్న నల్ల కళ్లద్దాలు పెట్టుకునేవాడు. కండ్లకలక వచ్చిందని, దగ్గరికి రావొద్దని అందరినీ దూరంగా ఉంచేవాడు. పాపం, ఎంత జాగ్రత్త మనిషి అనుకున్నాం.

తెర ఆరింది. చుట్టగా చుట్టి ఆటోలో పెట్టుకుని, సగం బయట వేలాడుతుంటే ఒక చేత్తో పట్టుకుని హాలుకు తెచ్చాను. కట్టారు. అన్న రాజు అంగరఖాతో, కళ్లద్దాలు తీసేసి, ఊదా ఆకాశం ముందుకొచ్చి నిలబడ్డాడు. నేను ఆఖరి వరసలో ఉన్నాను. కార్యదర్శి నా పక్కన.

నిజం చెప్తున్నాను, ముఖానికి పసుపు ముద్ద మెత్తినట్టుంది. ఊదా పసుపు వైపు తోస్తుందని తెలుసు గానీ, ఇంత దారుణంగా తోస్తుందని నాకు తెలియదు. భయమేసింది, వెంటనే సిగ్గేసింది. ఇన్నేళ్ల పనిలో ఇంత లెక్క తప్పానా?

"మేడమ్, తెర మార్చాల్సిందే" అన్నాడు కార్యదర్శి మెల్లగా. "మనిషిని మార్చలేం కదా."

స్టేజీ మీది నుంచి అన్న అందుకున్నాడు. "తెరదే చెల్లె. నీ ఊదా జర గట్టిగ పడ్డది. మొఖందేముంది, మేకప్ జూస్కుంటది."

తెర మళ్లీ ఆటో ఎక్కింది. ఊదాలో బూడిద కలిపి, రాజు నిలబడే చోటంతా చల్లార్చాను. ఎండలో కూర్చుని, మోకాళ్లు పట్టేసి, వచ్చేపోయే కాకిని కూడా తిట్టాను. పక్క డాబా పిల్లలు ఆ రోజు గదుల్లోకి పోయి చదువుకున్నారు.

ఆట రేపనగా రెండోసారి జతచూపు. ఊదా ఇప్పుడు పొగ రంగులా మెత్తబడింది. అన్న వచ్చి నిలబడ్డాడు. ముఖం అంతే పసుపు. వెంట్రుకవాసి తేడా లేదు. కార్యదర్శి నన్నేమీ అనలేదు, పెద్దాయన ఉండి ఉంటే ఎలా చేసేవారో అని మాత్రం గొణిగాడు. పెద్దాయనంటే మా నాన్న. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

తప్పు పూర్తిగా ఊదాదేనని, చల్లార్చితే తీరేది కాదని అందరికీ చూపించాలనిపించింది. సామాన్ల గదిలో మా నాన్న వేసిన పాత అడవి తెర ఉంది, నిండా ఆకుపచ్చే. అన్న చెమట పట్టిందని అంగరఖా విప్పి లోపల కూర్చున్నప్పుడు, తాళ్లు లాగే మనిషితో ఊదాను దింపించి అడవిని కట్టించాను. ఆకుపచ్చ ముందు చామనఛాయ ముఖం ఎర్రబడి నిగనిగలాడి తీరుతుంది. నా అనుభవంలో ఆకుపచ్చ ఏ ముఖాన్నీ వదలలేదు. వెళ్లి ఆఖరి వరసలో కూర్చుని అన్నను పిలిచాను. ఆయన అంగరఖా తొడుక్కుంటూ వచ్చి, వెనక్కి చూడకుండానే ఎప్పటిలా హాలు వైపు తిరిగి నిలబడ్డాడు.

ముఖం పసుపుగానే ఉంది.

 పక్కనున్నది మారింది, రంగు మారలేదు. మారకపోతే ఆ రంగు పక్కవాళ్లు పూసింది కాదు, ఆయనదే.

ఎలా లేచానో, స్టేజీ మెట్లు ఎలా ఎక్కానో గుర్తులేదు. నేను దగ్గరికి రావడం చూసి అన్న నల్ల కళ్లద్దాల కోసం నడుం దగ్గర తడుముకున్నాడు. చెయ్యి పట్టుకుని ఆపాను. భుజం మీది తెల్ల తువ్వాలు ఆయన చెంపకు ఆనించి కళ్లలోకి చూశాను. తెల్లగుడ్డు తెల్లగా లేదు. పసుపు నీళ్లు నిండినట్టుంది.

"ఎన్ని దినాల సంది అన్నా?"

"తెరదే చెల్లె" అన్నాడు గొంతు తగ్గించి.

"గా ఊదా తెర కింద పడున్నది. నీ ఎన్క ఉన్నది అడవి. తిరిగి జూడు."

తిరిగి చూశాడు. చాలాసేపు ఆ చెట్ల వైపే చూస్తూ ఉండిపోయాడు. 

తర్వాత చెప్పాడు. పసిరికలని, అంటే కామెర్లని, తనకు ముందే తెలుసట. బర్కత్‌పురలో ఎవరో ఆకు పసరు ఇస్తుంటే తాగుతున్నాడు, అదే తగ్గుతుందని నమ్మకం. దవాఖానకు పోతే పడుకోబెడతారు, పడుకుంటే వేషం లెక్చరరుకు పోతుంది.

"నువ్వే జెప్పినవ్ గదా, ఊదా ముందల ఎవ్వని మొఖమైనా పసుపు గొడ్తదని. గందుకే ఊదా అడిగిన. అందరు తెరనే అంటరు, నన్నెవ్వరు అనరు అనుకున్న."

చెంప ఛెళ్లుమన్నట్టయింది నాకు. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. నేను ప్రేమగా చెప్పిన విద్యను దుప్పటి చేసుకుని, దాని కింద జబ్బును దాచుకున్నాడు ఈ మనిషి. నా తెరను తిట్టించాడు, నన్ను ఎండలో పాకించాడు, మా నాన్న పేరు కూడా ఎత్తించాడు. పోనీ, అదంతా పోనీ. చచ్చిపోతే? కోపం, ఏడుపు ఒక్కసారే వచ్చాయి. ఏది ముందు బయటపడిందో నాకే తెలియదు.

"గీ ఒక్క ఆట ఆడనియ్యి చెల్లె. రేపు ఒక్కటే. తర్వాత నువ్వు ఏ దవాఖానకంటె గా దవాఖానకు వస్త" అని నా రెండు చేతులూ పట్టుకున్నాడు.

ఆ క్షణంలో నేను కరిగిపోయేదాన్నే. ఆయన ఆ వేషం కోసం ఎంత తపించాడో నాకు తెలుసు. కానీ పట్టుకున్న ఆ చేతులు కాలిపోతున్నాయి. కాలిపోతూ వణుకుతున్నాయి, ఫ్యాను కూడా లేని ఆ ఉక్కలో. అంగరఖా చేతుల కింద గోళ్లతో గీరుకున్న గీతలు కనబడ్డాయి. తాళ్లు లాగే మనిషిని పిలిచి, రెండు తెరలూ చుట్టేయమన్నాను.

"తెర నాది. నేను ఇయ్య. తెర లేకుండ ఎట్ల ఆడ్తవో ఆడు."

కార్యదర్శి పరుగెత్తుకుంటూ వచ్చాడు. ఏం జరిగిందని అడగబోయి, అన్న నుదుటి మీద చెయ్యి వేసి ఆగిపోయాడు. రేపటి ఆటకు టికెట్లు అమ్ముడుపోయాయి, పెద్దలు వస్తామన్నారు. ఆ మనిషి వాటిలో ఒక్క మాటా ఎత్తలేదు. వీధిలోకి వెళ్లి ఆటో తెచ్చాడు. అన్నను రాజు బట్టలతోనే నారాయణగూడలో ఒక ఆసుపత్రికి తీసుకుపోయాం. సిగ్నల్ దగ్గర పక్క బండ్లవాళ్లు రాజును చూసి నవ్వారు.

కబురందుకుని వదిన వచ్చింది. డాక్టరు మాట విని గోడకు ఆనుకుని కూలబడింది. "మేకప్ పోతలేదని జెప్పిండు చెల్లె" అంది నాతో. "దినాం సున్నిపిండి బెట్టి మెడంత రుద్దిన. నొస్తున్నా ఊకున్నడు." ఇది విన్నాక నేనిక ఆపుకోలేకపోయాను. ఆ వరండాలో ఇద్దరం ఒకరి భుజం మీద ఒకరు పడి ఏడ్చాం.

పైత్యరసం పోయే దారిలో రాయి అడ్డం పడిందట. లోపల చీము పట్టడం మొదలైంది, ఇంకాస్త ఆలస్యమైతే మా చేతుల్లో ఉండేది కాదని డాక్టరు మందలించాడు. రాయి తీసేశారు. కామెర్లవాడికి లోకమంతా పచ్చగా కనబడుతుందని అంటారు. మా అన్నకు లోకం ఎప్పటిలాగే కనబడింది, ఆయనే లోకానికి పచ్చగా కనబడ్డాడు, ఆ నింద నా తెర మోసింది.

ఆట వాయిదా పడింది. లెక్చరరుతో ఆడించేద్దామని కొందరన్నారు, కార్యదర్శి ఒప్పుకోలేదు. అన్న లేచి తిరిగి, ఒంటికి కండ పట్టి, ముఖం మళ్లీ మా పాత చామనఛాయకు వచ్చేసరికి చాలా నెలలు పట్టింది. చివరి ఘట్టానికి ఈసారి కాషాయమే వేస్తానన్నాను. అన్న వినలేదు. అప్పుడు దొంగతనానికి అడిగాను గానీ, ఇప్పుడు నిజంగా రాజు కోసమే అడుగుతున్నానన్నాడు. సరేనని, నేను పూసిన బూడిదంతా కప్పేసి మొదటి ఊదానే మళ్లీ వేశాను. అవి తెలంగాణ ఉద్యమపు రోజులు, బంద్‌లు ఎక్కువ. హాలు మాకు ఆట రోజునే చేతికొచ్చింది. జతచూపు లేకుండా నేను తెర ఎత్తిన ఆట అదొక్కటే.

హాలు నిండింది. నేను, వదిన ఆఖరి వరసలో కూర్చున్నాం. అన్న మొదటి అంకం నుంచే చెలరేగిపోయాడు. వదిన నా వైపు తిరిగి మురిపెంగా నవ్వుతోంది. చివరి ఘట్టానికి ఊదా ఆకాశం దిగింది. తాళాల గుత్తి చేత్తో పట్టుకుని రాజు దాని ముందుకొచ్చి నిలబడ్డాడు.

ముఖం పసుపు.

వదిన నా చెయ్యి పట్టేసుకుంది. గోళ్లు దిగాయి. "మల్ల వచ్చిందా చెల్లె?"

"తెరదే వదినా" అన్నాను.

ఆ మాట నా నోట్లోంచి వచ్చాక నాకే వినబడింది, అది ఎవరి మాటో.  ఊదా ముందు పసుపు కొడుతుందని నాకు తెలుసు. నేనే వేశాను, నేనే కలిపాను. కానీ తెలిసింది నాకు, కంటికి కాదు. కన్ను ఎన్నిసార్లు చూసినా పసుపే అంటోంది. పోయినసారీ ఇదే కుర్చీలోంచి, ఇదే ముఖాన్ని, ఇదే రంగులో చూశాను. అక్కడ కూర్చుని రెంటికీ తేడా చెప్పగలిగిన మొనగాడు భూమ్మీద లేడు. ఆపరేషన్ అయింది కదా, డాక్టర్లు చూశారు కదా అని మనసు సర్దిచెబుతోంది. కాళ్లు వినలేదు.

లేచాను. పక్క సందులోంచి, చీకట్లో కాళ్లకు తగిలినవాళ్ల తిట్లు తింటూ, ఆ మోకాళ్ల నొప్పులతోనే పరుగెత్తాను. పక్క తలుపులోంచి నేను లోపలికి చేరేసరికి రాజు తాళాలు అప్పగించేశాడు. ముందు తెర పడింది. అవతల చప్పట్లు మోగిపోతున్నాయి. నేను నేరుగా స్టేజీ మీదికి పోయి అన్న గడ్డం పట్టుకుని దీపం వైపు తిప్పాను.

ఆయనకు నవ్వాగలేదు. "తెరదే చెల్లె" అన్నాడు.

"నోర్ముయ్" అన్నాను.

తెల్ల తువ్వాలు చెంపకు ఆనించి, బొటనవేలితో కిందిరెప్ప లాగాను. అప్పుడే నమస్కారం కోసం ముందు తెర మళ్లీ లేచింది. చెదిరిన జుట్టుతో, రంగుల మరకల చీరతో నేను, నా చేతిలో రాజు గడ్డం. చప్పట్లు ఆగిపోయాయి. నేను చెయ్యి తీయలేదు. రెండో కన్ను కూడా చూశాను. తెల్లగుడ్డు తువ్వాలు పక్కన తెల్లగానే ఉంది.

ఆఖరి వరసలో వదిన ఒక్కతే నిలబడి ఉంది. తువ్వాలు పైకెత్తి, ఆమెకు కనబడేలా ఊపాను.

అప్పుడు వదిన కూర్చుంది.